మాఘమాసం దాకా

మా అక్కకి రెండు పుట్టినరోజులుండేవి. మొదటిది రథసప్తమి వెళ్ళిన మర్నాడు. ముందురోజు పిడకల మీద వండి, చిక్కుడాకుల్లో పెట్టి సూర్యుడికి చూపించిన పరమాన్నం రుచి ఇంకా నోట్లో ఉండగానే, అమ్మ అక్కకి తలంటి పోసి మళ్ళీ పాయసం చేసేది. వరసగా రెండు రోజులు తీపి తినే యోగం నాకు అక్క చలవే. రెండోది జులై ఒకటి. అది బళ్ళో పుట్టినరోజు. ఆ రోజు ఇంట్లో ఏ హడావుడీ ఉండేది కాదు. ఆ మాటకొస్తే బడి లెక్క ప్రకారం మా పల్లెలో సగంమంది పిల్లలు ఆ తేదీనే పుట్టారు.

ఆ తేదీలన్నీ వేసింది మా నాన్నగారే. కొవ్వూరుకి కాస్త దిగువన ఉన్న మా పల్లెలో ఆయన ఎలిమెంటరీ స్కూలు హెడ్మాస్టరు. బర్త్ సర్టిఫికెట్ అనే మాట మాకు తెలియని కాలం అది. అయిదు నిండకపోతే ఒకటో క్లాసులో చేర్చుకోకూడదు. నాలుగు నెలలో ఆరు నెలలో తక్కువైన పిల్లల్ని చెయ్యి పట్టుకుని తీసుకొచ్చి, "ఏడాదంతా ఖాళీగా తిరుగుతాడండీ మాస్టారూ, మీరే ఏదో ఒక తేదీ వేసెయ్యండి" అనేవారు. నాన్నగారు జులై ఒకటి వేసేవారు. అది అబద్ధమని ఆయనా అనుకోలేదు, అడిగినవాళ్ళూ అనుకోలేదు. పిల్లవాడికి ఓ ఏడాది మిగిల్చిన పుణ్యం కిందే లెక్క. ఆ పుణ్యానికి మా ఇంటికి ఆనపకాయలూ అరటిపళ్ళూ వస్తుండేవి.

అక్క విషయంలోనూ ఆయన అదే చేశారు. నాలుగున్నరేళ్ళకే అక్క పేపర్లో హెడ్డింగులు కూడబలుక్కుని చదివేసేదట. ఇలాంటి పిల్లని ఇంకో ఏడాది ఆపడం దండగని, నాన్నగారు తన చేత్తోనే ఏడు నెలలు కలిపి ఒకటో క్లాసులో కూర్చోబెట్టారు. నాకు మాత్రం పుట్టిన తేదీనే రాశారు. ఏడాది మిగల్చాల్సినంత తెలివి నా మొహంలో ఆయనకి కనపడలేదేమో. చిన్నప్పుడు దానికి తెగ ఉడుక్కునేదాన్ని.

అక్కకి అన్నిటికీ తొందరే. వేడన్నం ఊదుకుంటూ నిలబడే తినేది. ఎదుటివాళ్ళు మాట పూర్తి చెయ్యకముందే జవాబు చెప్పేసేది. పదో క్లాసూ ఇంటరూ గబగబా దాటేసి, తొంభైల మధ్యలో రాజమండ్రిలో డిగ్రీ రెండో ఏడు చదువుతోంది. రోజూ పొద్దున్నే కొవ్వూరు వెళ్ళి, అక్కడ బస్సెక్కి, బ్రిడ్జి దాటి కాలేజీకి వెళ్ళేది. కాలేజీ అయ్యాక టైపు నేర్చుకునేది. చేతిలో ఓ విద్య ఉండాలని నాన్నగారే పట్టుబట్టి చేర్పించారు.

భాద్రపదంలో ఓ సాయంత్రం అక్క ఇంటికి రాలేదు.

గోదావరి అప్పుడు ఎర్రనీళ్ళతో గట్టు అంచుదాకా ఉంది. నాన్నగారు రాజమండ్రి వెళ్ళి కాలేజీలోనూ, స్నేహితురాళ్ళ ఇళ్ళలోనూ, పెద్దాసుపత్రిలోనూ అడిగి వచ్చారు. అమ్మ వరండాలో కూర్చుని, మనిషి రావలసిన వీధి వైపు చూడకుండా ఏటిగట్టు వైపే చూస్తూ ఉంది. ఆ చూపు చూసి నాకు భయం వేసింది. మర్నాడు టైపు ఇన్‌స్టిట్యూట్ వాళ్ళు చెప్పారు, తమ దగ్గర పాఠాలు చెప్పే అతను కూడా చెప్పాపెట్టకుండా మానేశాడని. అతనిది ఈ వైపు ఊరు కాదని, ఎవరూ లేనివాడని అన్నారు. ఆ సంగతి నాన్నగారు తలవంచుకుని చెబుతుంటే అమ్మ ఒక్కసారి గట్టిగా ఊపిరి పీల్చుకుంది.

"అయితే ఉందన్నమాట" అంది.

ఆ క్షణంలో మా అమ్మకి పరువూ గుర్తురాలేదు, కులమూ గుర్తురాలేదు. అవి గుర్తు చెయ్యడానికి మర్నాటి నుంచి చుట్టాలు వచ్చారు.

పోలీస్ స్టేషన్లో ఎస్సై గారు నాన్నగారిని కుర్చీలో కూర్చోబెట్టి మర్యాదగానే మాట్లాడారట. అమ్మాయి వయసెంతని అడిగితే నాన్నగారు పదిహేడని చెప్పారు. టెన్త్ సర్టిఫికెట్ చూపించమన్నారు. చూసి, తిరిగి చేతిలో పెట్టేస్తూ, "పద్దెనిమిది దాటింది కదండీ మాస్టారూ. ఇష్టపడి వెళ్ళుంటే మేమేం చేస్తాం చెప్పండి. వెతుకుతాం లెండి" అన్నారు.

నాన్నగారు ఇంటికొచ్చి ఆ సర్టిఫికెట్ ఒళ్ళో పెట్టుకుని బల్ల మీద కూర్చున్నారు. అమ్మ కాఫీ ఇచ్చి వెళ్ళింది. అది చల్లారి మీగడ కట్టేదాకా ఆయన ముట్టుకోలేదు. ఊళ్ళో ఎంతోమందికి మిగిల్చిన ఏడాది తన ఇంట్లో మాత్రం ఏం చేసిందో ఆయనకి అప్పుడే అర్థమైంది. మాకు ఇంకా కాలేదు.

రాజమండ్రిలో ఓ పెద్ద వయసు ప్లీడరు గారి దగ్గరికి ముగ్గురం వెళ్ళాం. నాకప్పుడు పదమూడేళ్ళు. అక్క వెళ్ళిపోయిన దగ్గర్నుంచీ అమ్మ నన్ను వెంట పెట్టుకోకుండా ఎక్కడికీ కదిలేది కాదు. ప్లీడరు గారు ఓపికగా విని, పిల్లలకి చెప్పినట్టు చెప్పారు.

"హైకోర్టులో హెబియస్ కార్పస్ పిటిషన్ వెయ్యొచ్చండి. అంటే, మా అమ్మాయిని ఎవరో అక్రమంగా తమ దగ్గర ఉంచుకున్నారు, తెచ్చి కోర్టులో నిలబెట్టండి అని అడగడం. కోర్టు ఆర్డరేస్తే పోలీసులు ఎక్కడున్నా వెతికి తెస్తారు. తెచ్చాక, మైనరైతే మీకు అప్పగిస్తారు. మేజరైతే అమ్మాయినే అడుగుతారు. ఇంతకీ వయసెంత?"

నాన్నగారు ఉన్నదున్నట్టు చెప్పారు.

"తేదీ మార్చింది ఎవరండీ?"

"నేనేనండి."

ప్లీడరు గారు కుర్చీలో వెనక్కి వాలారు. "అయితే ఆ ముక్క అఫిడవిట్లో రాయాలి. హెడ్మాస్టరుగా ఉండి రికార్డులో తప్పు వయసు వేశానని ప్రమాణం చేసి చెప్పాలి. అది మీ ఉద్యోగం మీదకి రావచ్చు. తొందరేం లేదు, ఇంటికెళ్ళి ఆలోచించుకోండి."

"ఆలోచించడానికేం లేదండి, రాయండి" అన్నారు నాన్నగారు. "ఉద్యోగం పోతే పోయింది. పిల్ల రావాలి."

మా నాన్నగారి మీద నాకు చాలా కోపాలున్నాయి. కొన్ని ఇంకా తీరలేదు. కానీ ఆ మాట దగ్గరకొచ్చేసరికి మెత్తబడిపోతాను.

అమ్మ తన సంచిలోంచి అక్క జాతకం తీసి బల్ల మీద పెట్టింది. నాలుగు మూలలా పసుపు రాసిన కాగితం. కోనసీమలో ఉండే మా తాతగారు, అంటే అమ్మ వాళ్ళ నాన్నగారు, స్వయంగా వేసింది. తిథి, నక్షత్రం, ఘడియలు, విఘడియలు అన్నీ ఉన్నాయి. "మా నాన్న చేత్తో రాసిందండి. ఇందులో అబద్ధం ఉండదు" అంది. ప్లీడరు గారు దాన్ని రెండు చేతులతో అందుకుని చదివారు. ఇలాంటివి ఎప్పుడైనా వేయించొచ్చు అంటారమ్మా, కోర్టు నమ్ముతుందని చెప్పలేను అన్నారు. ఎముకల పరీక్ష అడగొచ్చు గానీ అది ఏడాది అటూ ఇటూగా చెబుతుందట. మాకు కావలసింది ఏడాది కాదు, కొద్ది నెలలు. మాఘమాసం వస్తే అక్కకి నిజంగానే పద్దెనిమిది నిండిపోతాయి. ఆ తర్వాత నిజం కూడా మా వైపు ఉండదు.

కార్తీకంలో కబురొచ్చింది, అక్క దొరికిందని, కోర్టుకి తెస్తున్నారని. హైదరాబాదు వెళ్ళడం నాకదే మొదటిసారి. ఆ సంబరం లోపల ఏ మూలో ఉంది, దాన్ని తిట్టుకుంటూ కూర్చున్నాను. అమ్మ ఓ సంచిలో అక్కవి రెండు జతల బట్టలు, దువ్వెన, ఇంట్లో తీయించిన కొబ్బరినూనె సీసా పెట్టింది. నాన్నగారు తిరుగు ప్రయాణానికి నాలుగు బెర్తులు రిజర్వు చేయించారు.

కోర్టు వరండాలో అక్క కనిపించింది, ఇద్దరు ఆడ పోలీసుల మధ్య. ఒంటి మీద మాకు తెలియని చీర. మెడలో పసుపుతాడు. కాస్త చిక్కింది. టైపు నేర్పే అతను దూరంగా స్తంభం దగ్గర నిలబడి ఉన్నాడు, నేను ఊహించుకున్నంత దుర్మార్గుడిలా లేడు. దానికి నాకు ఇంకా మండింది. అక్క నన్ను చూసి కనుబొమలు ఎగరేసింది. ఇంట్లో నన్ను ఏడిపించే ముందు ఎప్పుడూ అలాగే ఎగరేసేది. నవ్వాలో ఏడవాలో తెలియక నేను అమ్మ వెనక్కి వెళ్ళిపోయాను.

లోపల ఇద్దరు జడ్జీలు కూర్చున్నారు. అందులో పెద్దాయన కాగితాలు చూసి నాన్నగారిని ముందుకు పిలిచి తెలుగులోనే అడిగారు.

"మాస్టారూ, బడిలో చేర్చినప్పుడు తేదీ తప్పు వేశానంటున్నారు. అప్పుడు పిల్ల బడికెళ్ళాలి కాబట్టి ఒక వయసు, ఇప్పుడు పిల్ల ఇంటికి రావాలి కాబట్టి ఒక వయసు. మేం ఏది నిజమనుకోవాలి?"

ఆయన కోపంగా అనలేదు. కోపంగా అన్నా బాగుండేది. "ఇప్పుడు చెప్పేదే నిజమండి" అన్నారు నాన్నగారు. బడి ఆవరణంతా వినపడే ఆయన గొంతు ఆ హాల్లో మా దాకా కూడా సరిగ్గా రాలేదు. జాతకం ఒకరి చేతిలోంచి ఒకరి చేతిలోకి మారి, మళ్ళీ ప్లీడరు గారు హైదరాబాదులో కుదిర్చిన మా లాయరు చేతికొచ్చింది. ఎవరూ దాన్ని వెక్కిరించలేదు. చదవనూ లేదు.

అప్పుడు అమ్మ పిలవకుండానే ముందుకెళ్ళింది. మా లాయరు ఆపబోయారు. పెద్ద జడ్జీ గారు చేత్తోనే వద్దని సైగ చేశారు.

"అయ్యా, మాఘమాసం దాకా దాన్ని నా దగ్గర ఉంచండి" అంది అమ్మ. "తర్వాత దాని ఇష్టం. ఎక్కడికెళ్ళినా నేను అడ్డు రాను. నాలుగు రోజులు నా దగ్గర ఉంటే చాలు. మాఘమాసం దాకానండి, అంతే."

జడ్జీ గారు అక్క వైపు తిరిగారు.

"నీ వయసెంతమ్మా?"

అక్కకి తెలుసు. రెండు పుట్టినరోజుల సంగతీ తెలుసు, ఏడు నెలల సంగతీ తెలుసు. మా ఇంట్లో ఎన్నిసార్లు నవ్వుకున్నామో దాని గురించి.

"పద్దెనిమిది నిండాయండి. జులై ఒకటికి."

"నిన్నెవరైనా బలవంతంగా తీసుకెళ్ళారా?"

"లేదండి. నా ఇష్టంతోనే వెళ్ళాను."

"మీ అమ్మగారితో వెళ్తావా, అతనితో ఉంటావా?"

ఎదుటివాళ్ళ మాట పూర్తికాకముందే జవాబు చెప్పే మా అక్క ఆ ఒక్క ప్రశ్నకి మాత్రం ఆగింది. అమ్మ చేతిలో సంచి ఉంది. అక్క దాని వైపు చూసింది. తర్వాత, "అతనితోనే ఉంటానండి" అంది.

అంతే. మేజరు, తన ఇష్టం వచ్చిన చోటికి వెళ్ళవచ్చు అన్నారు. ఇంకో కేసు పిలిచారు. మా జీవితంలో అంత పెద్ద పని ఒక పూట కూడా పట్టకుండా అయిపోయింది.

వరండాలో అమ్మ సంచి అందించింది. అక్క బట్టలు తీసుకోలేదు. కొబ్బరినూనె సీసా మాత్రం తీసి, మూత తిప్పి వాసన చూసి, చీర కొంగులో చుట్టుకుంది. "వస్తానుగా అమ్మా, కొన్నాళ్ళు పోనీ" అంది. నాన్నగారు గోడ వైపు తిరిగి నిలబడ్డారు. అక్క ఆయన వైపు ఓ అడుగు వేసి మళ్ళీ ఆగిపోయింది. మెట్లు దిగేటప్పుడు కూడా దానికి తొందరే, అతనికంటే ముందు దిగింది.

తిరుగు రైల్లో నాలుగో బెర్తు ఖాళీగా వచ్చింది. టీటీ గారు దాన్ని ఇంకెవరికో ఇవ్వబోతే అమ్మ ఒప్పుకోలేదు. "మనిషి ఉందండి" అంది. ఆయన మా ముగ్గురినీ చూసి, ఏమనుకున్నారో, వెళ్ళిపోయారు.

నాన్నగారు బడికి వెళ్తూ మెమో కోసం ఎదురుచూశారు. డిపార్టుమెంటు నుంచి ఏ కవరొచ్చినా ముందు ఆయన మొహం పాలిపోయేది. ఏ మెమో రాలేదు. అంత దూరం కోర్టులో ఆయన ఏం ఒప్పుకున్నారో ఇక్కడ ఎవరికీ పట్టలేదు. ఎవరైనా ఆయన్ని పిలిచి నాలుగు చీవాట్లు పెట్టి ఉంటే కొంత తేలికపడేవారని నాకిప్పుడు అనిపిస్తుంది. ఆ తర్వాత అడ్మిషన్లప్పుడు ఎవరు బతిమాలినా ఉన్న తేదీ తప్ప రాయలేదు. మాస్టారికి కూతురు పోయాక చాదస్తం వచ్చిందన్నారు. ఆనపకాయలు కూడా ఆగిపోయాయి.

ఆ ఏడు రథసప్తమి వచ్చింది. మర్నాడు పక్కింటివాళ్ళు వచ్చి ఫోనొచ్చిందని పిలిచారు. అమ్మ చేతికి అంటిన పిండి కూడా కడుక్కోకుండా పరిగెత్తింది. వెనకాల నేనూ వెళ్ళాను. రిసీవరు అమ్మ చెవికీ నా చెవికీ మధ్య పెట్టుకున్నాం.

"పరమాన్నం చేశావా?" అంది అక్క.

"చేశానే. ఎక్కడున్నావు? ఎలా ఉన్నావు?"

"బాగానే ఉన్నాను." తర్వాత నవ్వింది, లేదా నవ్వులాంటిదేదో చేసింది. "ఇవాళ్టితో నిజంగా నిండాయమ్మా నాకు."

అమ్మ ఏదో అనేలోపు లైను కట్టయింది. డబ్బులు అయిపోయి కట్టయిందో, తనే పెట్టేసిందో తెలియదు. మేము చాలాసేపు ఆ ఇంట్లో ఫోను దగ్గరే కూర్చున్నాం. పక్కింటావిడ మాకు మజ్జిగ ఇచ్చింది.

మళ్ళీ అక్క గొంతు మేము వినలేదు.

ఒక ఏడాది గడిచింది, ఇంకో ఏడాది గడవబోతోంది. రాజమండ్రి బస్టాండులో మా ఊరివాళ్ళకి అతను కనిపించాడు, ఒక్కడే. నాన్నగారు పరుగున వెళ్ళారు. అతను పారిపోలేదట. ఆయనకి నమస్కారం కూడా పెట్టాడట.

"మా మధ్య పడలేదండి" అన్నాడు. "నాగపూర్లో ఉండగానే వెళ్ళిపోయింది. మీ దగ్గరికే వెళ్తున్నానని చెప్పి రైలెక్కింది. పోయినేడు వేసవిలో. ఇన్నాళ్ళూ మీ దగ్గరే ఉందనుకుంటున్నానండి నేను."

అంటే, ఫోను చేసిన కొద్ది నెలలకే. మేమిక్కడ దాని మీద అలిగి, అదే వస్తుందిలే అనుకుంటూ కూర్చున్న రోజుల్లోనే. పోలీసులు అతన్ని పిలిచి అడిగారు, నాగపూర్ కబురు పెట్టి వాకబు చేశారు. ఆ పిల్ల చేతిసంచితో స్టేషనుకి వెళ్ళడం చూశామని చుట్టుపక్కలవాళ్ళు చెప్పారట. అతను నిజం చెప్పాడా అబద్ధం చెప్పాడా అన్నది ఈనాటికీ నాకు తెలియదు. రోజుకో రకంగా నమ్ముతాను.

నాన్నగారు మళ్ళీ హైకోర్టుకి వెళ్ళారు. అదే పిటిషను, అదే ప్రార్థన, మా అమ్మాయిని తెచ్చి నిలబెట్టండని. ఈసారి వయసు దగ్గర సర్టిఫికెట్లో ఉన్నదే రాయించారు, మారుమాట లేకుండా. ఎవరి నిర్బంధంలో ఉందని మీ అనుమానం అని అడిగారట. తెలియదండి అన్నారట. వాయిదాల మీద వాయిదాలు పడ్డాయి. ప్రతిసారీ పోలీసులు వెతుకుతున్నామన్నారు, వెతికారు కూడా. చివరికి, ఆచూకీ తెలిస్తే తల్లిదండ్రులకి తెలియజేయమని చెప్పి ముగించారు. మొదటిసారి మనిషిని తెచ్చారు, మాకు ఇవ్వలేదు. రెండోసారి ఇవ్వడానికి మనిషి దొరకలేదు. రెండుసార్లూ కోర్టు చేసింది న్యాయమేనని నాకు తెలుసు. పద్దెనిమిదేళ్ళ ఆడపిల్లని తన ఇష్టానికి వదిలెయ్యాలని నన్నడిగినా చెబుతాను. అయినా ఆ వరండా గుర్తొస్తే ఒళ్ళు మండుతుంది, ఎవరి మీదో తెలియదు.

ఆ తర్వాత మా ఇంటికి స్టేషన్ నుంచి కబుర్లు రావడం మొదలైంది. గోదాట్లో ఎక్కడైనా ఆడమనిషి శవం తేలితే, వయసు సుమారుగా ఉంటే, వచ్చి చూడమనేవారు. ధవళేశ్వరం ఆనకట్ట దగ్గర ఒకసారి, కొవ్వూరు రేవులో ఒకసారి, ఇంకా దిగువన లంకల్లో. నాన్నగారు అమ్మకి ఏదో పని చెప్పుకుని బయల్దేరేవారు. ఏం చెప్పినా లాభం లేదు. శవాన్ని చూసి వచ్చినవాళ్ళు స్నానం చెయ్యకుండా గడప తొక్కకూడదు కదా. తిరిగొచ్చి ఆయన వాకిట్లోంచి లోపలికి రాకుండా తిన్నగా నూతి దగ్గరికి నడిస్తే అమ్మకి తెలిసిపోయేది. చేద చప్పుడు వినగానే ఎక్కడిదక్కడ వదిలేసి పెరటి గుమ్మంలో నిలబడేది. ఆయన తల మీద నీళ్ళు గుమ్మరించుకుంటూనే, "కాదు" అనేవారు. అమ్మ లోపలికొచ్చి పొయ్యి మీది కూర కలిపేది. 

ఇప్పటికీ నూతి గిలక చప్పుడు ఎక్కడ విన్నా ఆ ఒక్క మాట కోసం ఆగిపోతాను.

ఇంకోటి కూడా ఉండేది. ఏం చేస్తున్నా అమ్మ హఠాత్తుగా నన్ను అడిగేది, "నాగపూర్ నుంచి వచ్చే రైలు కొవ్వూర్లో ఆగదు కదే?" అని. ఆగదమ్మా, రాజమండ్రిలో దిగి వెనక్కి రావాలి అనేదాన్ని. "అది దానికి గుర్తుండదా?" అనేది. రోజూ ఆ బ్రిడ్జి మీద తిరిగిన మనిషికి గుర్తుండకపోవడం ఏంటి. అయినా అమ్మ అనుమానం అమ్మది. రైలు కొవ్వూరు దాటి బ్రిడ్జి ఎక్కుతుంటే అక్క కిటికీలోంచి మన ఒడ్డు చూసి ఉంటుందని, దిగలేక గాభరా పడి ఉంటుందని అనేది. అక్కడిదాకా వచ్చిందని అమ్మ గట్టి నమ్మకం. చుట్టాలెవరో, ఇన్నేళ్ళయింది, గోదావరిలో నువ్వులూ నీళ్ళూ వదిలెయ్యకూడదా అని ఓసారి అన్నారు. వాళ్ళింటికి అమ్మ మళ్ళీ వెళ్ళలేదు.

నాకు పెళ్ళయి రాజమండ్రిలోనే కాపురం పెట్టాను. కూతురు పుట్టింది. దాన్ని ఎల్కేజీలో చేర్చడానికి స్కూలుకి వెళ్తుంటే నాన్నగారు తనూ వస్తానన్నారు. అప్పటికి రిటైరై చాలా కాలమైంది. బడి వాసన తగిలితే కాస్త హుషారుగా ఉంటారని సరే అన్నాను. పొద్దున్నే ఇస్త్రీ చొక్కా వేసుకుని, బస్సులో మా ఇంటికొచ్చారు.

స్కూలు ఆఫీసులో ఉన్నాయన మంచివాడే. నేను చెప్పిన తేదీ విని వేళ్ళు మడిచి లెక్కపెట్టాడు. "మూడు నెలలు తక్కువండి మేడం. పిల్ల చూస్తే చురుగ్గా ఉంది, ఏడాది వేస్టెందుకు? జూన్ అని వేసేస్తాను, మిగతావి మేం చూసుకుంటాం. అందరూ అలాగే వేయిస్తారండి."

నేను ఉద్యోగం చేస్తున్నాను. ఇంట్లో చూసుకునేవాళ్ళు లేరు. నిజం చెప్పొద్దూ, సరేనండి అనడానికి నోరు తెరిచాను.

"వద్దండి" అన్నారు నాన్నగారు. "పుట్టిన తేదీయే వెయ్యండి."

"అప్పుడు ఈ ఏడు సీటు రాదండి పెద్దాయనా. ఏడాది పోతుంది."

"పోదండి. ఇంట్లో ఉంటుంది" అన్నారు.

ఆయన గొంతు ఎప్పటిలాగే ఉంది. చెయ్యి మాత్రం నా కూతురి చేతిని గట్టిగా పట్టుకుంది. తాతగారూ నొప్పి అని అది గింజుకుంటున్నా ఆయనకి తెలియలేదు. నేనే వేళ్ళు విడదీశాను. ఆఫీసులో ఆయనకి థాంక్స్ చెప్పి బయటికొచ్చేశాం. దారిలో నాకు కోపమూ వచ్చింది, ఏడుపూ వచ్చింది. 

ఆ మధ్యాహ్నమే పిల్లని తీసుకుని ఆయనతో పాటు కొవ్వూరు వెళ్ళాను. రిటైరయ్యాక వాళ్ళు కొవ్వూర్లోనే ఇల్లు అద్దెకి తీసుకున్నారు. అమ్మకి జరిగింది చెప్పాను. ఈ ఏడాది పిల్ల మీ దగ్గర ఉంటుంది, చూసుకోగలవా అని అడిగాను. అమ్మ చేటలో బియ్యం ఏరుతోంది. చెయ్యి ఆగింది.

"మీ అక్కని బళ్ళో వేసేటప్పుడే చెప్పాను ఆయనకి" అంది. "నాలుగేళ్ళ పిల్లండీ, ఇంకో ఏడాది నా దగ్గర ఉండనివ్వండి అన్నాను. అదేమో ఆ రోజు బడికి వెళ్ళనని ఒకటే ఏడుపు. నా చీర కుచ్చెళ్ళు పట్టుకుని వదిలితేనా. ఆయనే వేళ్ళు విడదీసి చంకనేసుకుని తీసుకెళ్ళారు. వీధి మలుపు దాకా నా వైపే చేతులు చాపి ఏడుస్తూ ఉంది."

నాకు ఇది తెలియదు. ఇన్నేళ్ళలో అమ్మ ఒక్కసారి కూడా చెప్పలేదు. ప్లీడరు దగ్గర చెప్పలేదు, కోర్టులో చెప్పలేదు.

"ఎక్కడికెళ్తావు, ఎవరి దగ్గర ఉంటావు అని పెద్దయ్యాక అంతమంది అడిగారు దాన్ని" అంది అమ్మ, మళ్ళీ బియ్యంలో చెయ్యి పెడుతూ. "ఆ రోజు అడిగుంటే నా దగ్గరే ఉంటాననేది."

నాన్నగారు వరండాలో కూర్చుని ఉన్నారు. మా మాటలు వినపడే దూరమే. నా కూతురు ఆయన చొక్కా జేబులోంచి పెన్ను తీసుకుని ఆయన అరచేతి మీద గీతలు గీస్తోంది. ఆయన చెయ్యి అలాగే చాపి ఉంచారు.